అసమానతల పాఠానికి సిమ్స్ ఆట

డిగ్రీలో సోషియాలజీ చెప్పే మాస్టార్లు, మేడమ్‌లు అసమానతల పాఠం రోజున ‘సిమ్స్ 4’ ఆడించి చూడండి. బొమ్మ మనుషుల్ని తయారుచేసి వాళ్ల బతుకు మనమే నడిపించే కంప్యూటర్ ఆట ఇది. 2022 అక్టోబరు నుంచి అసలు ఆట ఉచితమే. ల్యాబ్‌లో ప్రొజెక్టర్‌కి తగిలించిన ఒక్క కంప్యూటర్ చాలు.

ఆటలో ఒంటరి మనిషి చేతిలో మొదట 20,000 సిమోలియన్లు (ఆటలోని డబ్బు) ఉంటాయి. ఇద్దరిని చెరో ఖాళీ స్థలంలోకి దించాక కంట్రోల్, షిఫ్ట్, సి కలిపి నొక్కండి, చీట్ కోడ్‌లు కొట్టే గడి వస్తుంది. ఒకడికి ‘మదర్‌లోడ్’ అని కొడితే 50,000 అదనంగా పడతాయి. రెండోవాడికి ‘మనీ 500’ అని కొడితే చేతిలో 500 మాత్రమే మిగులుతాయి. (ఇంగ్లిషులోనే కొట్టాలి లెండి.) ఇక చూడండి, చవక మంచం మీద పడుకున్నవాడికి ఓపిక నెమ్మదిగా వస్తుంది, మూడ్ బాగోదు, ప్రమోషన్ వెనకబడుతుంది. బిల్లు కట్టకపోతే కరెంటు కట్.

అయినా బొమ్మలు గీసి అమ్ముకుంటూ వాడూ డబ్బున్నవాడు కావచ్చు. సరిగ్గా అక్కడ ఆట ఆపి అడగండి. వీడి కులం ఎవరైనా అడిగారా? మన విశాఖలో జాలర్లుండే జాలారిపేట అమ్మాయి, ఉన్నవాళ్లుండే ఎంవీపీ కాలనీ అమ్మాయి ఒకే ఉద్యోగానికి వెళ్తే ఎదురయ్యే ప్రశ్నలు ఒకటేనా? అద్దె ఇంటికి వెళ్తేనో? సోషియాలజిస్టు మాక్స్ వెబర్ చెప్పిన ‘జీవితావకాశాలు’ (మంచి బతుకు దక్కే వీలు ఎవరికెంత అన్నది) బోర్డు మీద రాయాల్సింది అప్పుడే.

ఒక్క జాగ్రత్త: పిల్లలచేత వాళ్ల ఇంటి సంగతులు చెప్పించకండి, ఆటలోని మనిషి గురించే మాట్లాడించండి.