పాత ఫార్వర్డ్‌కి సన్మాన పత్రం రాయాలా? ముందు ఆల్కాంతరా మీద చెయ్యి తిప్పుకోండి

సంక్రాంతి ఫుట్‌బాల్ టోర్నమెంట్లు దగ్గర పడితే ఒడిశా సరిహద్దులో పర్లాకిమిడిలో, గుణుపురంలో, ఇటు పాతపట్నం వైపు కూడా ఒకటే హడావుడి. ఒకప్పుడు ఫార్వర్డ్‌గా, అంటే ముందు వరుసలో గోల్స్ కొట్టేవాడిగా ఆడి, ఇప్పుడు పిల్లలకి కోచింగ్ ఇస్తున్న పెద్దాయన్ని పిలిచి శాలువా కప్పాలి, ఫ్రేమ్ కట్టిన సన్మాన పత్రం చేతిలో పెట్టాలి. శాలువా కొంటే దొరుకుతుంది. పత్రం రాయమంటే మాత్రం "క్రీడా శిరోమణి, మైదాన సింహం" అంటూ నాలుగు బిరుదులు తగిలించి, ఏ జట్టుకి ఎప్పుడు ఆడాడో ఒక్క ముక్క లేకుండా అచ్చు వేయించేస్తారు. రేపు ఆయన మనవడు ఆ ఫ్రేమ్ చదివితే తాత గొప్పోడని తెలుస్తుంది గానీ ఏం చేశాడో తెలీదు.

బిరుదులు పక్కన పెట్టి మ్యాచ్‌లు రాయండి, అంతే నేను చెప్పేది. చెయ్యి తిరగడానికి ముందు పౌలినో ఆల్కాంతరా కెరీర్‌ని అరపేజీలో రాసి చూడండి. స్పెయిన్‌లోని బార్సిలోనా క్లబ్ తొలితరం ఫార్వర్డ్, తర్వాత కొన్నాళ్లు స్పెయిన్ జట్టు కోచ్. మన పెద్దాయన దగ్గర ఎదురయ్యే చిక్కులన్నీ ఈయన కెరీర్‌లో ముందే ఉన్నాయి.

మొదటి చిక్కు ఊరు, దేశం. ఆల్కాంతరా 1896లో ఫిలిప్పీన్స్‌లోని ఇలోయిలోలో పుట్టాడు. తండ్రి స్పెయిన్ సైన్యంలో పనిచేసినవాడు, తల్లి అక్కడి ఆవిడే. అప్పటికి ఆ దీవులు స్పెయిన్ ఏలుబడిలో ఉన్నాయి, రెండేళ్లు తిరిగేసరికి అమెరికా చేతికి పోయాయి. 1917లో టోక్యోలో జరిగిన ఫార్ ఈస్టర్న్ ఆటల్లో ఫిలిప్పీన్స్ తరఫున ఆడాడు, జపాన్‌ని 15–2తో చిత్తు చేశారు. 1921 నుంచి స్పెయిన్ తరఫున ఆడి, ఐదు మ్యాచ్‌ల్లో ఆరు గోల్స్ కొట్టాడు. మరి ఏ దేశం వాడని రాయాలి? రెండూ రాయాలి, పక్కన సంవత్సరం వేసి. మనకి ఇది కొత్తేం కాదు కదా, 1936 ఏప్రిల్ 1 దాకా పర్లాకిమిడి మద్రాసు ప్రెసిడెన్సీ, ఆ తర్వాత ఒడిశా, ఇప్పుడది ఉన్న గజపతి జిల్లా అయితే 1992 అక్టోబర్ 2న గంజాం నుంచి విడిపోయింది. కాబట్టి 1985 నాటి సర్టిఫికెట్ మీద గంజాం జిల్లా జట్టు అని ఉంటే దాన్ని దిద్దకండి. ఉన్నది ఉన్నట్టు రాసి, అప్పట్లో మనం అందులోనే ఉన్నామని చిన్న మాట చేర్చండి.

తేదీల కోసం పెద్దాయన్ని "ఏ సంవత్సరం?" అని నిలదీస్తే ఆయనకి టెన్షన్, మీకు తప్పు జవాబు. "నౌపడ నుంచి చిన్న రైల్లోనే వచ్చారా?" అని అడగండి. ఆ నేరో గేజ్ బండి 2004లో ఆగిపోయింది, అవునంటే మ్యాచ్ అంతకు ముందుదే. అక్కణ్నుంచి పెళ్లికి ముందా తరువాతా, పెద్దబ్బాయి పుట్టాడా లేదా అని దగ్గరికి లాక్కురావచ్చు.

గోల్స్ దగ్గరే అసలు గొడవ. ఆల్కాంతరాకి ఒకచోట 357 మ్యాచ్‌ల్లో 369 గోల్స్ అని ఉంటుంది, ఇంకోచోట 399 మ్యాచ్‌ల్లో 395 అని. ఆ 369నే 2014లో మెస్సీ దాటాడని అప్పట్లో పేపర్లన్నీ రాశాయి. రెండు లెక్కల్లోనూ ఫ్రెండ్లీ మ్యాచ్‌లు కలిసే ఉన్నాయి. ఇంకా తమాషా ఏంటంటే స్పెయిన్ లీగ్‌లో ఆయన గోల్స్ సున్నా! ఆ లీగ్ మొదలైందే 1929లో, ఆయన 1927లోనే బూట్లు విప్పేశాడు. అందుకే తెల్ల కాగితం మీద గళ్లు గీసుకోండి: జిల్లా, రాష్ట్ర పోటీలు ఒక గడి, స్కూలూ కాలేజీ ఒకటి, కొండ ఊళ్లలో మేకపోతు బహుమతిగా పెట్టి ఆడించే మ్యాచ్‌లు ఇంకొకటి. మూడోది తక్కువేం కాదు, మనవైపు నిజమైన ఫార్వర్డ్‌లు బయటపడేది అక్కడే, కాకపోతే కలిపేసి "500 గోల్స్" అని ఒక్క అంకె వేస్తే మాత్రం పాత జట్టువాళ్లు వేదిక కిందే నవ్వుతారు.

అన్ని మ్యాచ్‌లూ అక్కర్లేదు, ఒక్కటి బాగా రాయండి. ఆల్కాంతరాకైతే 1912 ఫిబ్రవరి 25: వయసు పదిహేనేళ్లు, కాటలోనియా ఛాంపియన్‌షిప్, ఎదురు జట్టు కటాలా, స్కోరు 9–0, అందులో మొదటి మూడూ ఈ కుర్రాడివే. చూశారా, ఒక్క విశేషణం లేదు. మీ పెద్దాయన్ని కూడా అలాంటి ఒక్క మ్యాచ్ దగ్గర కూర్చోబెట్టండి. పాస్ ఎవరిచ్చారు, ఏ కాలుతో కొట్టారు, గ్రౌండ్ బురదగా ఉందా, గోల్ కీపర్ ఎటు దూకాడు.

కట్టుకథలు వస్తాయి, రానివ్వండి. 1922లో బోర్డోలో ఫ్రాన్స్ మీద ఆల్కాంతరా కొట్టిన షాట్‌కి వల చిరిగిపోయిందంటారు, వల చింపేవాడన్న పేరు అలా వచ్చిందే. ఇంకో మ్యాచ్‌లో బంతికి అడ్డొచ్చిన పోలీసు కూడా బంతితో పాటు గోల్‌లో పడ్డాడంటారు. "అంటారు" అని పెట్టి విడిగా రాసేయండి, లెక్కల్లో కలపొద్దు.

ఖాళీలు దాచకండి. ఆల్కాంతరా 1916లో మనీలా వెళ్లిపోయి 1918 దాకా రాలేదు. అక్కడ మెడిసిన్ చదివాడు. 1920 ఒలింపిక్స్‌కి పరీక్షలున్నాయని వెళ్లలేదు, స్పెయిన్ వెండి పతకం తెచ్చుకుంది. చివరికి డాక్టర్ పని కోసమే ముప్ఫై ఏళ్లకి ఆట మానేశాడు. మన పెద్దాయన పని కోసం వెళ్లి సూరత్ మిల్లులో గడిపిన ఏళ్లు కూడా కెరీరే, రాయండి.

కోచింగ్ భాగంలో చాలామంది ఊదరగొడతారు. ఆల్కాంతరా స్పెయిన్ జట్టుని చూసుకున్నది 1951లో మూడంటే మూడు మ్యాచ్‌లు, అదీ ఇంకో ఇద్దరితో కలిసి. ఒకటి గెలుపు, రెండు డ్రా. అంతవరకే రాయాలి. ఆయనతో ఆడిన జోసెప్ సమితియేర్ వేరు, 1944–45లో కోచ్‌గా బార్సిలోనాకి లీగ్ గెలిపించాడు, తర్వాత కుబాలా లాంటి ఆటగాణ్ని క్లబ్‌కి తెచ్చిపెట్టాడు. మన కోచ్‌కి కప్పులు లేకపోవచ్చు. మనీలా నుంచి తిరిగొచ్చిన ఆల్కాంతరాని గ్రీన్‌వెల్ అనే కోచ్ డిఫెన్స్‌లో ఆడిస్తే క్లబ్ సభ్యులు గోలపెట్టి మళ్లీ ముందుకి తెప్పించుకున్నారు. అది గుర్తుపెట్టుకుని మీ పెద్దాయన్ని అడగండి, ఏ పిల్లాణ్ని ఎక్కణ్నుంచి ఎక్కడికి మార్చారు, వాడు తర్వాత ఎక్కడ ఆడాడు అని. నాలుగు పేర్లు దొరికితే కోచింగ్ పేరా అయిపోయినట్టే.

అచ్చుకి ఇచ్చే ముందు ఆయన ఇంటికెళ్లి గట్టిగా చదివి వినిపించండి, ఒడియాలో కూడా వేస్తుంటే ఆ కాపీ కూడా. వింటూ వింటూ "ఆ పాస్ నాకిచ్చింది ఫలానావాడు, వాడి పేరెయ్యండి" అంటారు. కింద రెండు లైన్ల జాగా ముందే వదిలిపెట్టుకోండి.