మడిగె (కిరాయి దుకాణం) లీజు గడువు దగ్గరపడుతోందా? ఈ ఒక్క తప్పు చేయకండి

పోయిన నెల హనుమకొండలో టిఫిన్ సెంటర్ నడిపే ఒకాయన నా ఆఫీసుకు వచ్చాడు. చేతిలో 15 రోజుల్లో ఖాళీ చెయ్యమన్న లాయరు నోటీసు. "లీజు అయిపోయినంక కూడా 14 నెలలు పెంచిన కిరాయే తీసుకున్నడు సార్. అంటే రెన్యువల్ అయినట్టే కద!" అంటూ ఫోన్‌లో ఫోన్‌పే చెల్లింపులు ఒక్కొక్కటీ జరిపి చూపించాడు. నేను ఆయన దస్తావేజే తిప్పి ఒక షరతు చదివించాను. లీజు కొనసాగాలంటే గడువుకు 3 నెలల ముందు రాతపూర్వకంగా కోరాలి. ఆయన అడిగాడు, కానీ నోటితో. ఓనరు "ఉండు, యేడికి పోతవ్, ఐదు వేలు పెంచు" అన్నాడట. ఇప్పుడు ఆ బిల్డింగు అమ్ముడుపోయింది. కొత్తగా వేయించిన గ్రానైట్ కౌంటరు బాకీ ఇంకా తీరలేదు.

ట్రేడ్ లైసెన్సు, కరెంటు మీటరు జాగ్రత్తలు మీకు తెలిసినవే. నా దగ్గరికి వచ్చి కూలబడ్డవాళ్లలో ఎక్కువమంది చేసిన తప్పు వేరే ఉంది: పెంచిన కిరాయి కడుతున్నాం కాబట్టి లీజు కొనసాగుతున్నట్టే అనుకోవడం.

కాదు. ఏడాదికి మించిన లీజు రిజిస్టర్డ్ దస్తావేజు ద్వారానే చెల్లుతుంది. ఆస్తి బదిలీ చట్టం 107వ సెక్షన్ చెప్పేది ఇదే. రెన్యువల్ అంటే మళ్లీ కొత్త లీజే, దానికీ కొత్త దస్తావేజు కావాలి. గడువు తర్వాత ఓనరు ఒప్పుకొని ఉండనిచ్చినా 116వ సెక్షన్ కింద మీరు నెలవారీ కిరాయిదారు అవుతారు, అంతే. 106వ సెక్షన్ ప్రకారం 15 రోజుల నోటీసుతో మిమ్మల్ని లేపొచ్చు. అసలు కిరాయి తీసుకున్నంత మాత్రాన ఓనరు ఒప్పుకున్నట్టు కాదని కూడా సుప్రీంకోర్టు 2005లో చెప్పింది. ఆ టిఫిన్ సెంటరాయన 14 నెలల చెల్లింపులు ఆయన కిరాయి ఎగ్గొట్టలేదని చూపిస్తాయి. లీజు ఉందని చూపించవు.

తేదీ దాటితే ఏమవుతుందో పెద్ద కంపెనీలకే అనుభవమైంది. రెన్యువల్ కోరాల్సిన గడువును పెట్రోలు కంపెనీ కాల్టెక్స్ దాటేసింది. ఇలాంటి షరతులో తేదీయే ప్రాణమని సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది, కంపెనీ ఓడిపోయింది. వాళ్లకు లేని వెసులుబాటు మన చిన్న దుకాణానికి దొరుకుతుందా?

ఇక నోటరీ కాగితం మోజు. వంద రూపాయల స్టాంపు పేపరు మీద 5 ఏండ్లని రాసుకుని ధీమాగా ఉంటారు. రిజిస్టర్ కాకపోతే ఆ 5 ఏండ్ల గడువును కోర్టు పట్టించుకోదు, మళ్లీ నెలవారీ కిరాయిదారే. 11 నెలల అగ్రిమెంటుకు రిజిస్ట్రేషన్ అక్కర్లేదనే మాట తెలంగాణలో చెల్లదు, ఇక్కడ లీజు ఎంత కాలానికైనా రిజిస్టర్ చేయాల్సిందే. రిజిస్టర్ చేసినా అది ఇచ్చే భరోసా 11 నెలలే. ఆ భరోసాతో 8 లక్షల ఇంటీరియర్ పెట్టేవాళ్లను చూస్తే నాకు కడుపు తరుక్కుపోతుంది.

"రెంట్ కంట్రోల్ చట్టం ఉంది కద సార్" అంటారు. తెలంగాణలో కార్పొరేషన్ పరిధిలో నెలకు 3,500 రూపాయలు దాటిన కిరాయికి, కిరాయిదారును కాపాడే ఆ చట్టం వర్తించదు. మెయిన్ రోడ్డు మీద అంత తక్కువకు మడిగె ఎక్కడుంది?

ఈ వారమే చేయాల్సినవి:

దస్తావేజు తీసి రెండు తేదీలు రాసుకోండి, లీజు ముగిసేదొకటి, రెన్యువల్ కోరాల్సిన చివరి రోజు ఇంకొకటి. క్యాలెండర్‌లో రెండోదాని చుట్టూ ఎర్రగా గీయండి.

ఆ తేదీకి నెల ముందే లెటర్ పంపండి. స్పీడ్ పోస్టులో, రసీదుతో. వాట్సాప్‌లో కూడా పెట్టండి, కానీ ఒక్క వాట్సాప్‌తో సరిపెట్టకండి.

ఓనరు "చూద్దాంలే" అంటే ఆ మాట మీద ఒక్క రోజు కూడా ఆగొద్దు. సబ్‌రిజిస్ట్రార్ ఆఫీసుకు తీసుకెళ్లండి.

దస్తావేజు రిజిస్టర్ కాకముందు కొత్త ఫర్నిచర్ వద్దు, అడ్వాన్సు పెంచడం వద్దు.

ఓనరు కిరాయి తీసుకోనంటే "సరే, మిగిలింది" అనుకోవద్దు. నెలనెలా బ్యాంకులో వేయండి, తిప్పి పంపితే మనియార్డరు చేయండి. బాకీ పడ్డారన్న మాట రావొద్దు.

బిల్డింగు అమ్ముడుపోయిందని తెలిస్తే కిరాయి ఎవరికివ్వాలో పాత ఓనరు దగ్గర కాగితం తీసుకోండి.

ఖాళీ కాగితం మీద సంతకం పెట్టొద్దు.

నోటీసు వస్తే దాచిపెట్టొద్దు. 15 రోజులు ఇట్టే పోతాయి. జవాబు ఇవ్వండి.

ఓడిపోయే కేసును ఏండ్ల తరబడి లాగొద్దు. గడువు దాటిన రోజు నుంచి మార్కెట్ రేటు లెక్కన నష్టపరిహారం మీ నెత్తిన పడొచ్చు. అప్పీలులో స్టే కావాలన్నా ఆ రేటు కట్టమని కోర్టు అడగొచ్చు.

రాత్రికి రాత్రి ఓనరు షట్టరుకు తాళం వేస్తే మీరు పగలగొట్టొద్దు, కేసు మీ మీదికే తిరుగుతుంది. ఫొటోలు, వీడియో తీయండి, పోలీసులకు ఫిర్యాదు ఇచ్చి రసీదు తీసుకోండి. గడువు ముగిసిన కిరాయిదారునైనా కోర్టు ద్వారానే ఖాళీ చేయించాలి. స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 6వ సెక్షన్ కింద స్వాధీనం కోసం దావా వేయడానికి మీకుండేది 6 నెలలు. సామాను కోసం బతిమాలుకుంటూ ఆ 6 నెలలు పోగొట్టుకోవద్దు.