ఇంట్లోని పాత చిత్రం యుద్ధంలో దోచిన సొత్తా? ఆరా తీయడం ఎలా

విదేశాల నుంచి ఎప్పుడో వచ్చిన ఐరోపా తైలవర్ణ చిత్రం ఇంట్లో ఉంటే, విజయవాడ గవర్నర్‌పేటలో ఫ్రేము మార్పించే ముందు ఆగండి. అది రెండో ప్రపంచయుద్ధ కాలంలో నాజీలు దోచినది కావచ్చు. వెనక ఉన్న పాత అట్ట, చెక్క చట్రం తీసి పారేస్తారు. చిత్రం పుట్టుపూర్వోత్తరాలు ఉండేది వాటి మీదే.

చిత్రాన్ని గోడవైపు తిప్పి నిలబెట్టి, టార్చి పక్క నుంచి వాలుగా వేయండి. అరిగిన ముద్రలు, చెక్కలో దిగిన పెన్సిలు గీతలు పైకి తేలతాయి. పక్కన స్కేలు పెట్టి వెనక భాగమంతా, నాలుగు మూలలు, ఒక్కో చీటీ విడివిడిగా ఫొటో తీయండి. తడిగుడ్డ తగలనివ్వొద్దు, కృష్ణాతీరపు ఉక్కకే జిగురు పట్టు వదిలి ఉంటుంది, చీటీ ఊడి చేతికొస్తుంది. కొలతలు ఫ్రేముకు కాదు, చిత్రానికి, సెంటీమీటర్లలో.

అక్షరాల పక్కన అంకె కనిపిస్తే దాన్ని వదలొద్దు. 1940 తర్వాత ఫ్రాన్స్‌లో యూదుల ఇళ్ల నుంచి నాజీల రోజెన్‌బర్గ్ దళం ఎత్తుకెళ్లిన వాటికి యజమాని పేరును బట్టి సంకేతం వేసేవారు: బ్యాంకర్ల కుటుంబం రోత్‌షీల్డ్‌లకు ‘ఆర్’ (R), యజమాని తెలియకపోతే ‘యూఎన్‌బీ’ (UNB). పారిస్ జూ ద పోమ్‌ మ్యూజియంలో నమోదైన ఆ సొత్తు వివరాలు ఆన్‌లైన్‌లో ఉచితంగా చూడొచ్చు.

తర్వాత యజమానుల వరస రాయండి, నేటి నుంచి వెనక్కి. జర్మనీలో నాజీల పాలన నడిచిన 1933 నుంచి 1945 వరకు ఖాళీ ఉంటే అక్కడే తవ్వాలి. ‘స్విట్జర్లాండ్‌లో ఒకరి సేకరణ’ అన్న మాట ఆధారం కాదు. వేలం రసీదు ఉన్నా నిశ్చింత పడలేం: నాజీ జర్మనీలో బలవంతాన అమ్మించిన చాలామందికి ఆ డబ్బు చేతికే అందలేదు. జర్మన్ వేలం కేటలాగులు హైడెల్‌బర్గ్ విశ్వవిద్యాలయం సైటులో ఉన్నాయి. పేరుతో వెతికితే దొరకడం కష్టం, అమ్మకం అమ్మకానికీ పేరు మారుతుంది. చిత్రకారుడు, కొలతలు, బొమ్మలోని వస్తువులు, ఈ మూడింటితో వెతకండి.

ఆపై నాజీల కాలంలో పోయిన కళాఖండాల జాబితా, జర్మనీలోని మాగ్డెబర్గ్‌ నుంచి నడిచే లాస్ట్ ఆర్ట్ డేటాబేసు, చోరీ అయిన కళాఖండాలను వెతికే ఇంటర్‌పోల్ ఐడీ-ఆర్ట్ యాప్ చూడండి. వాటిలో కనపడకపోతే చిత్రం మచ్చలేనిదని అనుకోవద్దు. అడగడానికి ఒక్కరైనా మిగలని కుటుంబాలున్నాయి. వాళ్ల తరఫున ఎవరూ నమోదు చేయించలేదు.

పోలిక కుదిరితే అమ్మకండి, బాగు చేయించకండి. ఫొటోలు, కొలతలు, యజమానుల వరస జతచేసి లాస్ట్ ఆర్ట్ నిర్వాహకులకు రాయండి. నాజీలు దోచిన కళాఖండాల గురించి 1998లో 44 దేశాలు ఒప్పుకున్న వాషింగ్టన్ సూత్రాలు చట్టం కావు, అసలు కుటుంబంతో న్యాయమైన పరిష్కారానికి రమ్మంటాయి. ఆ కుటుంబంతో సంప్రదింపులు మొదలయ్యే దాకా పాత అట్టముక్క కూడా ఆ చిత్రంతోనే ఉండాలి.