విండోస్ ఎక్స్‌పీని బక్కగా చేసి పాత పీసీలో ఎక్కించా

512 ఎంబీ ర్యామ్ ఉన్న పాత డెస్క్‌టాప్, అమ్మబుద్ధి కాక ఎక్స్‌పీ మళ్ళీ ఎక్కిద్దామని కూర్చుంటే సెటప్ మధ్యలోనే 7బీ (బూట్ డిస్క్ అందట్లేదనే ఎర్రర్) అంటూ బ్లూ స్క్రీన్, చూస్తే ఆ సీడీలో సాటా డ్రైవర్ (హార్డ్ డిస్క్‌ని గుర్తుపట్టడానికి కావలసిన సాఫ్ట్‌వేర్) లేదు, ఎఫ్6 నొక్కి ఆ డ్రైవర్ ఉన్న ఫ్లాపీ పెట్టాలంట, ఫ్లాపీ ఎక్కడ దొరుకుద్దండీ ఇప్పుడు. సరే అని వేరే పీసీలో సీడీ మొత్తం ఫోల్డర్‌లోకి కాపీ చేసుకుని ఎన్‌లైట్ అని, ఎక్స్‌పీ సీడీని మనకు కావలసినట్టు మార్చుకునే టూల్‌తో సర్వీస్ ప్యాక్ 3 (అప్‌డేట్ల మూట), టెక్స్ట్‌మోడ్ డ్రైవర్ (సెటప్ మొదట్లోనే లోడయ్యేలా ఆ సాటా డ్రైవర్) కలిపా, మూవీ మేకర్, మెసెంజర్, భాషలు అన్నీ పీకేసి ఐఎస్ఓ (సీడీ ఇమేజ్ ఫైల్) చేసి సీడీకి రైట్ చేశా. ఎక్కింది!

కాకపోతే అత్యాశ కదా, భాషలతో పాటు గౌతమి అనే తెలుగు ఫాంట్ కూడా పోయింది, నాన్నగారి తెలుగు ఫైల్ తెరిస్తే అన్నీ డబ్బాలే. మళ్ళీ మొదటికి. ఈసారి భాషల జోలికి పోలేదు, థీమ్స్, ఇండెక్సింగ్ సర్వీసులు మాత్రం ఆపేశా, ఇప్పుడు చకచకా నడుస్తోంది. నెట్ కేబుల్ పెట్టలేదు, 2014 ఏప్రిల్‌తోనే ఎక్స్‌పీకి మైక్రోసాఫ్ట్ సపోర్ట్ (సెక్యూరిటీ అప్‌డేట్లు) ఆగిపోయిందిగా.