దావా వెనక్కి తీసుకుంటున్నారా? ఆ ఒక్క వాక్యం చూసుకోండి

పోయిన వారం ఒక రైతు నా బల్ల మీద కోర్టు కాగితం పరిచాడు. రెండెకరాల కొనుగోలు ఒప్పందం ప్రకారం రిజిస్ట్రేషన్ చేయించాలని వేసిన దావా అది. షెడ్యూలులో, అంటే దావాలో భూమి వివరాలు రాసే చోట, సర్వే నంబరు తప్పు పడింది. "తీసేసి కొత్తగా వేద్దాం" అని ఎవరో అంటే, దావా ఉపసంహరించుకుంటున్నానని కోర్టుకిచ్చే చిన్న కాగితం, మెమో మీద సంతకం పెట్టేశాడు. ఆర్డరులో ఉన్నది ఇంతే: వాది ఉపసంహరించుకున్నందున దావా కొట్టివేయడమైనది. మళ్లీ వేసుకోవడానికి అనుమతి అన్న ముక్క లేదు. కాగితం వెనక్కి తిప్పి కూడా చూశాను.

సివిల్ ప్రొసీజర్ కోడ్ 23వ ఆర్డరు 1వ రూలు ప్రకారం, అనుమతి లేకుండా దావా వదులుకున్నవారు అదే విషయం మీద మళ్లీ దావా వేయలేరు. ఎదుటివారి ఖర్చులు కూడా నెత్తిన పడవచ్చు. ప్రభుత్వ చర్యల మీద హైకోర్టులో వేసే రిట్ పిటిషన్లకూ ఇదే పద్ధతి వర్తిస్తుందని 1986లో సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. జడ్జి నోటితో "సరే, మళ్లీ వేసుకోండి" అన్నా లాభం లేదు. అనుమతి ఆర్డరులో రాసి ఉండాలి.

అసలు తీసేయాల్సిన అవసరం ఉందా అన్నది ముందు తేల్చుకోండి. సర్వే నంబరు తప్పుకు చాలాసార్లు సవరణ పిటిషన్ సరిపోతుంది, విచారణ మొదలుకాక ముందైతే మరీ సులువు. ప్రభుత్వానికి రెండు నెలల ముందు ఇవ్వాల్సిన నోటీసు ఇవ్వకపోవడం లాంటి లోపముంటే అనుమతి అడగడానికి కారణం ఉన్నట్టే. సాక్షి తడబడ్డాడని, కేసు ఓడేలా ఉందని అడిగితే మాత్రం కోర్టు సులభంగా ఒప్పుకోదు.

రెండో గొయ్యి గడువు. అనుమతి దొరికినా, మొదటి దావా అసలు వేయనట్టే లెక్క కడతారు. ఇలాంటి ఒప్పందం దావాకు గడువు మూడేళ్లు. మొదటి దావా నాలుగేళ్లు నడిచి ఉంటే మీ చేతిలో అనుమతి ఉంటుంది, గడువు ఉండదు. కోర్టుకు విచారణాధికారం లేకపోవడం వంటి కారణంతో అనుమతి ఇస్తేనే కాలపరిమితి చట్టం 14వ సెక్షన్ ఆదుకుంటుంది. తేదీలు వేళ్ల మీద కాదు, కాగితం మీద లెక్కపెట్టండి.

ఉత్త మెమో మీద సంతకం పెట్టకండి. మెమో కాదు, కారణాలు రాసి అఫిడవిట్‌తో (ప్రమాణం చేసి ఇచ్చే వాంగ్మూలంతో) పిటిషన్ వేయించండి. అనుమతి ఇవ్వకపోతే ఉపసంహరణే కోరడం లేదని, దావా నడుపుతామని అందులోనే రాయించండి. తోటి వాదులుంటే వారి సమ్మతి తీసుకోండి. ఆ రోజు కోర్టు హాల్లో ఉండండి. ఆర్డరు నకలుకు వెంటనే దరఖాస్తు పెట్టండి. అది వచ్చాక మీరే చదవండి, చదవడం రాకపోతే చదివించుకోండి. అనుమతి అడిగినా ఆర్డరులో ఆ వాక్యం లేకపోతే వాయిదాల కోసం చూడకండి. మర్నాడు పొద్దున్నే ప్లీడరు గుమ్మం ముందు నిలబడండి.