అప్పీలు డిఫాల్ట్‌లో కొట్టేశారా? ముందు ఆర్డర్ తెరిచి చూడండి

సమస్య: ఈ-కోర్ట్స్ యాప్‌లో మీ అప్పీలు పక్కన ‘డిస్పోజ్డ్’ అని పడింది. వాదనలే జరగలేదు, మరి ఎలా ముగిసింది?

మలక్‌పేట నుంచి ఒక పెద్దాయన ఇలాగే ఫోన్ పట్టుకుని వచ్చారు, "ఓడిపోయాం సార్" అంటూ. తీరా ఆర్డర్ తెరిస్తే రెండే లైన్లు: అప్పీలుదారును పిలిచినా పలకలేదు, డిఫాల్ట్ కింద కొట్టేశాం. అది ఓడిపోవడం కాదు, కేసు లోపలికి ఎవరూ వెళ్లనే లేదు.

కారణం: విచారణకు పిలిచినప్పుడు మీరూ మీ వకీలూ లేకపోతే సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 41, రూల్ 17 కింద కోర్టు అప్పీలు కొట్టేయొచ్చు. వకీలు వేరే హాల్లో ఉంటారు, డైరీలో వాయిదా తప్పు పడుతుంది, లేదా పురానీ హవేలీ సందుల్లో బండి పెట్టడానికి చోటు వెతుక్కునేలోపు పిలుపు అయిపోతుంది. ఒకటి గుర్తుంచుకోండి, మీరు రాలేదన్న కారణంతో కేసులోని మంచిచెడ్డలు తేల్చేసి కొట్టేయడానికి లేదు, 1976 సవరణలో ఆ మాట స్పష్టంగా చేర్చారు. మీ ఆర్డర్‌లో అలా ఉంటే అది పై కోర్టులో గట్టి పాయింట్.

పరిష్కారం: అదే కోర్టులో రూల్ 19 కింద అప్పీలును మళ్లీ ఫైలు మీదికి తీసుకోమని పిటిషన్ వేయాలి. గడువు 30 రోజులు, అదీ కొట్టేసిన తేదీ నుంచి, మీకు తెలిసిన రోజు నుంచి కాదు. చాలామంది బోల్తా పడేది ఇక్కడే. గడువు దాటితే లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 కింద ఆలస్యం మన్నించమని ఇంకో పిటిషన్ జత చేయాలి.

అఫిడవిట్‌లో ఉత్త ‘జ్వరం’ అని రాయకండి, కోర్టుల్లో అందరికీ వాయిదా రోజే జ్వరం వస్తుంది. హాస్పిటల్ చీటీ, రైలు టికెట్, ఏదుంటే అది పెట్టండి. తప్పు వకీలుదైతే ఆయన అఫిడవిట్ కూడా అడగండి, మొహమాటం వద్దు.

అప్పీలుతో పాటు స్టే, అంటే కింది కోర్టు తీర్పు అమలును ఆపిన ఉత్తర్వు, కూడా పోతుంది, అవతలివాళ్లు ఈ.పీ. (తీర్పు అమలు చేయమని వేసే ఎగ్జిక్యూషన్ పిటిషన్) వేసి అమలుకు దిగొచ్చు. అందుకని స్టే కోసం కూడా అప్పుడే అడగండి. రూల్ 19 పిటిషన్ కొట్టేస్తే ఆర్డర్ 43 కింద దాని మీదా అప్పీలు ఉంది.

మీరు రెస్పాండెంట్ (అంటే అప్పీలు ఎవరి మీద వేశారో వాళ్లు) అయ్యి, మీరు లేకుండానే తీర్పు వచ్చేస్తే దారి వేరు, అది రూల్ 21. నోటీసు సరిగా అందకపోతే అక్కడ మాత్రం 30 రోజులు మీకు తెలిసిన రోజు నుంచే. క్రిమినల్ అప్పీలుకు ఈ గొడవే లేదు, గైర్హాజరీ చూపి కొట్టేయకూడదని 1996లో బానీ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పేసింది.

మలక్‌పేట పెద్దాయన వచ్చేసరికి 27వ రోజు. డిశ్చార్జ్ కాగితం ఇంట్లో బీరువాలో ఉందన్నారు. ఆటోలో వెనక్కి పంపి, ఆ సాయంత్రమే సంతకం పెట్టించాం.