డాబా మీద గొరిల్లా: పాత సైన్స్ ఫిక్షన్‌కి కౌంటర్లు వేసే పద్ధతి

నేనుండేది కృష్ణానగర్‌లో. డబ్బింగ్ చెప్తాను. హీరోయిన్లకు చెప్పేంత అదృష్టం లేదు. పెళ్ళి ఆగిపోయిన సీన్‌లో వెనక నుంచి "అయ్యో పాపం", "ముందే చెప్పానా" అనే ఆడవాళ్ళు వినిపిస్తారే, వాళ్ళలో ముగ్గురు నేనే. పద్నాలుగేళ్ళుగా ఇదే పని. రెండు నెలలకోసారి మా డాబా మీద దుప్పటి కట్టి, 1950ల నాటి చవకబారు అమెరికన్ సైన్స్ ఫిక్షన్ సినిమా వేసి, దాని మీద కౌంటర్లు వేస్తుంటాం. ఎలా చేస్తారని అడిగేవాళ్ళు ఎక్కువయ్యారు కాబట్టి రాస్తున్నాను.

మొదటిసారి ఘోరంగా ఫెయిలయ్యాం. నేను, మా ఆయన, మా ఆడపడుచు కొడుకు చింటూ, వాడి ఫ్రెండు, నలుగురం టైటిల్స్ దగ్గర్నుంచే వాగడం మొదలుపెట్టాం. మాలో మేమే పడీపడీ నవ్వుకున్నాం. ఇరవై నిమిషాలకి మా అత్తమ్మ లేచి, "మీరే నవ్వుకుంటున్నరు, మాకేం సమజైతలేదు బిడ్డా" అని చాప చుట్టుకుని కిందికి వెళ్ళిపోయింది. ఆవిడ వెనకే పక్కింటివాళ్ళూ దిగారు. చివరికి నలభై మిర్చి బజ్జీలు, మేం నలుగురం మిగిలాం.

ఆ రాత్రి బజ్జీలు తింటూ ఆలోచిస్తే తెలిసిందేంటంటే, జనం వచ్చింది సినిమా చూడటానికి. మా మాటలు దానికి నంజుకోవడానికి మాత్రమే.

సినిమా ఎంచుకోవడంతోనే సగం పని అయిపోతుంది. చెత్త సినిమాలన్నీ దీనికి పనికిరావు. కావాలని చెత్తగా తీసినవైతే అస్సలు వద్దు, తీసినవాడే ముందు నవ్వేశాక మనకేం మిగులుతుంది? జేబులో డబ్బు లేకపోయినా గొప్ప సినిమా తీస్తున్నామని నమ్మి తీసినవే కావాలి. 1953లో వచ్చిన 'రోబోట్ మాన్‌స్టర్' చూడండి. ఫిల్ టక్కర్ అనే డైరెక్టర్ నాలుగు రోజుల్లో చుట్టేశాడు. వేరే గ్రహం నుంచి వచ్చిన రాక్షసుడు కావాలి, వేషం కుట్టించడానికి డబ్బుల్లేవు. జార్జ్ బారోస్ అనే నటుడి దగ్గర సొంత గొరిల్లా సూటు ఉంది. ఆయన్ని పిలిచి, తలకాయకి యాంటెన్నాలున్న హెల్మెట్ తగిలించారు. ఇంకేముంది, రో-మ్యాన్ తయారు! వాడి గుహలో ఒక మెషిన్ సబ్బు బుడగలు వదులుతూ ఉంటుంది. ఆ బుడగల మెషిన్‌కి టైటిల్స్‌లో ప్రత్యేకంగా పేరు కూడా వేశారు. మ్యూజిక్ మాత్రం ఎల్మర్ బెర్న్‌స్టీన్‌ది. మూడేళ్ళ తర్వాత 'ది టెన్ కమాండ్‌మెంట్స్'కి సంగీతం ఇచ్చింది ఆయనే. అందుకే మ్యూజిక్ బాగా లేచే చోట మేం నోరు మెదపం.

కొత్తగా మొదలుపెట్టేవాళ్ళు మాత్రం 'ది కిల్లర్ ష్రూస్' వేసుకోండి. 1959 నాటిది, గంటా పది నిమిషాల్లోపే అయిపోతుంది. చుంచు జాతి జంతువులు పెరిగి పెద్దవై మనుషుల్ని తినేస్తుంటాయి. నిజానికి అవి కుక్కలు. పాపం, వాటికి బొచ్చు తొడుగులు తొడిగారు. తోక ఊపుకుంటూ పరిగెత్తుకొస్తున్న రాక్షసిని చూశాక నవ్వించడానికి మీరు పెద్దగా కష్టపడక్కర్లేదు. అదే ఏడాది వచ్చిన 'టీనేజర్స్ ఫ్రమ్ ఔటర్ స్పేస్' రెండో మెట్టు. అందులో భూమిని మింగేయబోయే మృగం ఒక సముద్రపు రొయ్య నీడ. పెద్ద రొయ్య, లాబ్‌స్టర్ అంటారే, అది.

ఇవి వేసుకోవడానికి హక్కుల టెన్షన్ కూడా లేదు. మన చట్టంలో సినిమా మీద కాపీరైట్ విడుదలైన ఏడాది అయ్యాక 60 ఏళ్ళు ఉంటుంది. 1959 సినిమాకి ఆ గడువు 2019తో తీరిపోయింది.

ఇప్పుడు అసలు పని. సినిమాని ఒంటరిగా రెండుసార్లు చూడండి. మొదటిసారి కాగితం ముట్టుకోవద్దు, కథ ఏంటో చూడండి చాలు. రెండోసారి గ్యాపులు వెతకండి. ఎవరూ మాట్లాడని చోటు ఎన్నో నిమిషంలో ఉంది, ఎన్ని సెకన్లుంది, రాసుకోండి. డబ్బింగ్‌లో మాకు పెదాలే గడియారం. అవి మూసుకునేలోపు మాట అయిపోవాలి. ఇక్కడ దానికి రివర్స్, తెర మీద పెదాలు తెరుచుకునేలోపు మనం ముగించాలి. పాత్ర మాట్లాడుతుండగా మీద పడి మాట్లాడితే రెండూ వినపడవు.

గ్యాపు దొరికాక మాట కుదించడమే అసలు కష్టం. ఒక ఉదాహరణ చెప్తాను. రో-మ్యాన్ సినిమాలో సగం సేపు కొండ ఎక్కుతూ దిగుతూ ఉంటాడు. అక్కడ మా చింటూ మొదట రాసింది ఇది: "పాపం ఈ గొరిల్లా పొద్దున్నుంచీ ఎక్కుతూ దిగుతూనే ఉంది, ఐదో ఫ్లోర్‌కి గ్యాస్ సిలిండర్ తెచ్చిన అబ్బాయిలాగా, పైగా ఆ అపార్ట్‌మెంట్‌లో లిఫ్ట్ పనిచేయట్లేదేమో." టైము పెట్టి చదివించాను. వాడు ఐదో ఫ్లోర్‌కి వచ్చేసరికి గొరిల్లా గుహలోకి వెళ్ళిపోయింది. గొరిల్లా ఎదురుగా కనబడుతుంటే మళ్ళీ గొరిల్లా అనడం దేనికి? కొట్టేశాం. ఎక్కడం దిగడం కూడా కనిపిస్తూనే ఉంది, అదీ పోయింది. సిలిండర్ మీద చింటూకి మమకారం, అరగంట పోట్లాడాడు. చివరికి మిగిలింది "లిఫ్ట్ పనిచేయట్లేదంట." అంతే. అది కూడా వాడు రెండోసారి కొండ ఎక్కేటప్పుడు వేయాలి. మొదటిసారి వేస్తే ఎవరూ నవ్వరు.

గంటన్నర సినిమాకి మేం వేసేది అరవై, డెబ్భై కౌంటర్లు. రాసుకునేవి రెండు వందలు.

ఏ మాటైనా తెర మీద ఉన్నదాంట్లోంచే పుట్టాలి. కుట్టు, తాడు, నీడ, అట్టముక్క, ఎండలో తీసి రాత్రి అని చెప్పిన షాటు, వీటిని పట్టుకోండి. హీరోయిన్ లావు, ఎవరిదో రంగు, ఎవరిదో నత్తి, వీటి జోలికి వెళ్ళినవాళ్ళు మా ఇంట్లో మరుసటి షోకి బజ్జీల ఖర్చు పెట్టుకోవాలి. మా ఆయన రెండుసార్లు పెట్టాడు. 'ప్లాన్ 9 ఫ్రమ్ ఔటర్ స్పేస్' వేసినప్పుడు ఇంకాస్త జాగ్రత్తగా ఉన్నాం. డ్రాక్యులాగా పేరు తెచ్చుకున్న బేలా లుగోసీ 1956లో చనిపోయాడు. డైరెక్టర్ ఎడ్ వుడ్ అప్పటికే తీసి పెట్టుకున్న కొద్దిపాటి షాట్లు వాడుకున్నాడు. మిగతా సినిమా అంతా తన భార్యకి వెన్ను సరిచేసే వైద్యుణ్ణి తెచ్చి, ముఖానికి అంగవస్త్రం అడ్డం పెట్టించి నడిపించాడు. ఆ వస్త్రం మీద ఎన్ని కౌంటర్లయినా వేశాం. అసలు లుగోసీ కనిపించినప్పుడు ఒక్కటీ వేయలేదు.

ఇదంతా అమెరికా వాళ్ళ పిచ్చి అని మా మామయ్య అంటుంటాడు. వాళ్ళ టీవీలో 'మిస్టరీ సైన్స్ థియేటర్ 3000' అని 1988 నవంబర్‌లో మొదలైన షో ఉంది, నిజమే. తెర కింద ఒక మనిషి, రెండు రోబోల నీడలు కూర్చుని పాత సినిమాల మీద జోకులేస్తుంటాయి. మరి మన తోలుబొమ్మలాట సంగతేంటి? రావణుడు గంభీరంగా రంకెలేస్తుండగా మధ్యలో కేతిగాడు దూరి బంగారక్కతో సరసాలాడేవాడు. అవీ తెర మీద నీడలే కదా. కేతిగాడు ఎంత వాగినా రామాయణం మాత్రం ఆగేది కాదు. మీరు నేర్చుకోవాల్సింది అదే.

ఏర్పాట్ల గురించి ఎక్కువ చెప్పేదేం లేదు. ప్రొజెక్టర్ రోజు అద్దెకి దొరుకుతుంది. దాంతో ఇచ్చే కేబుల్‌ని షాపులోనే పెట్టి చూసుకోండి. ఒకసారి నాకు లోపల తెగిపోయిన కేబుల్ ఇచ్చారు, ఇరవై మందిని చాపల మీద కూర్చోబెట్టి చింటూని బండి మీద తరిమాను. దుప్పటికి ఇస్త్రీ చేయించండి, కింద అంచులో ఇటుకలు పెట్టండి. వేసవిలో ఏడున్నర దాకా మొదలుపెట్టొద్దు, వెలుతురు ఉంటుంది. కౌంటర్లు వేసేది ఇద్దరే, తెరకి చెరో పక్క కూర్చోవాలి. ఇంగ్లీషు రానివాళ్ళుంటే ముందే రెండు నిమిషాల్లో కథ చెప్పేయండి, ఎవరు ఎవర్ని చంపాలనుకుంటున్నారో కూడా చెప్పండి.

రెండోసారి మేం వేసింది రో-మ్యాన్ సినిమానే. అత్తమ్మని బతిమాలి తెచ్చి ముందు వరసలో కుర్చీ వేశాను. సినిమా చివర్లో, అమ్మాయిని చంపమని పైనుంచి ఆర్డరు వస్తుంది. రో-మ్యాన్‌కి ఆ అమ్మాయి మీద మనసు పడింది. చంపి తీరాలి, కానీ చంపలేను, ఈ రెండూ గ్రాఫ్ మీద ఎక్కడ కలుస్తాయి అని గొరిల్లా సూటులో చేతులు ఊపుతూ తనలో తనే మథనపడతాడు. ఆ సీన్‌కి మేం మూడు కౌంటర్లు రాసుకున్నాం. అంతలో అత్తమ్మ, "పాపం, వానిక్కూడ మనసున్నది" అంది. చింటూ నోరు తెరవబోతుంటే సైగ చేసి ఆపాను.

ఓ రెండు నిమిషాలు డాబా మీద ఎవరూ మాట్లాడలేదు. తర్వాత తెర మీద మళ్ళీ గుహ వచ్చింది, మెషిన్ బుడగలు వదలడం మొదలుపెట్టింది.

"గా నురగేందిరా చింటూ," అంది అత్తమ్మ, "బట్టలు నానవెట్టి అచ్చిండా?"

డాబా అంతా ఘొల్లుమంది. చింటూ ఫోన్ వెలుతురులో టైము చూసి ఆ మాట కాగితం మీద రాసుకున్నాడు.